మూడో అంతస్తు తాత

మా నాన్నని పదేళ్ళుగా జనం చంపుతూనే ఉన్నారు. తుపాకీతో, గొడ్డలితో, చేతికేదీ దొరక్కపోతే గోడకి తగిలించిన మంటలార్పే ఎర్ర సిలిండర్‌తో. చంపిన ప్రతిసారీ ఆయన ఒక మూలుగు మూలిగి మెట్ల మీద బోర్లా పడేవాడు. ఆట మళ్ళీ మొదలెట్టగానే లేచి వచ్చేవాడు. ఐదు నెలల కిందట ఆసుపత్రిలో నిజంగా పోయినప్పుడు మాత్రం ఒక్క మూలుగు కూడా లేదు. నిద్రలోనే వెళ్ళిపోయారని నర్సు చెప్పింది. నాకప్పుడు వచ్చిన మొదటి ఆలోచన, 'ఇక్కడ సౌండ్ పెట్టడం మర్చిపోయారే' అని. కన్నతండ్రి పోతే అలాంటి ఆలోచన వస్తుందా అని నన్నడక్కండి. వచ్చింది.

నా పని వీడియో గేములకి చప్పుళ్ళు తయారుచెయ్యడం. తలుపు కిర్రుమనాలన్నా, అద్దం పగలాలన్నా, శవం లేచి నడవాలన్నా ఆ చప్పుడు ఎవరో ఒకరు పట్టుకొచ్చి పెట్టాలి కదా, ఆ ఎవరో ఒకరు నేనే. మా కంపెనీ ఒకే ఒక్క ఆట మీద బతుకుతోంది. ఊరంతా జాంబీలైపోతే మిగిలిన నలుగురూ ప్రాణాలతో బయటపడాలి, అదీ కథ. అందులో అన్నిటికన్నా పాత మ్యాప్, అంటే ఆట జరిగే చోటు, పేరు 'తొమ్మిదంతస్తులు'. ఒక పాత అపార్ట్‌మెంట్, చెడిపోయిన లిఫ్ట్, మెట్లు, అంతే. ఆడేవాళ్ళకి తమ ఇంటి మెట్లకన్నా ఆ మెట్లే బాగా తెలుసు. ఎక్కడ ఏది విరిగిందో కళ్ళు మూసుకుని చెబుతారు.

ఆ మ్యాప్ చేసే రోజుల్లో కంపెనీలో ఉన్నది ఐదుగురం. జాంబీకి గొంతివ్వడానికి ఎవరూ దొరకలేదు. ఇంట్లో చూస్తే నాన్న. ముప్ఫై ఏళ్ళు లిఫ్ట్ మెకానిక్‌గా గుంతల్లో వంగి వంగి ఆయన మోకాళ్ళు రెండూ అరిగిపోయాయి. కూర్చుంటే మూలుగు, లేస్తే మూలుగు, చెప్పులు తొడుక్కుంటే రెండు మూలుగులు. చంకలో పిల్లాణ్ణి పెట్టుకుని ఊరంతా వెతకడమెందుకని ఒక ఆదివారం ఆయన్ని మా బట్టల గదిలో స్టూలు మీద కూర్చోబెట్టాను. చుట్టూ దుప్పట్లు వేలాడదీసి, ముందు మైక్ పెట్టాను.

"ఇప్పుడేం మాట్లాడాలి?" అన్నాడు.

"ఏం మాట్లాడకూడదు నాన్నా. మూలగాలి."

"ఊరికే ఎలా మూలుగుతానే? నొప్పి రావద్దూ?"

"అయితే లేచి కూర్చో."

లేచి కూర్చున్నాడు. మూలిగాడు. వెంటనే, "ఇంతదానికి నీకు ఉద్యోగమిచ్చారా? మీ అమ్మకి తెలిస్తే తనని కూడా అందులో పెట్టించమంటుంది" అన్నాడు. గంటన్నర అదే వరస. ఒక మూలుగు, పది మాటలు. ఫ్యాన్ ఆపమని చెబితే, ఉక్కగా ఉందని మళ్ళీ వేసుకున్నాడు. చివరికి నాకు ఒళ్ళు మండి, "నాన్నా, నోరు మూసుకుని మూలుగు!" అని అరిచాను. అదెలా కుదురుతుందో నాకూ తెలీదు. ఆయన మాత్రం బుద్ధిగా తల వంచుకుని ఇంకొక్కటి మూలిగాడు. అదే ఆఖరిది.

నేను పని నేర్చుకున్నచోట మాకు ఒకటే సూత్రం చెప్పారు: మాట వినబడితే కత్తిరించు. జాంబీ గొంతులో ఒక్క అక్షరం దొర్లినా ఆడేవాడి భయం పోతుంది. ఆ సాయంత్రమే కూర్చుని శుభ్రంగా కత్తిరించాను. పద్నాలుగు మూలుగులు మిగిలాయి. మిగతాదంతా, అంటే గంటా పావు సేపు నాన్న మాట్లాడిన మాటలు, డిస్కులో చోటు దండగని చెరిపేశాను. చెరపమని ఎవరూ చెప్పలేదు. పనిమంతురాలిని కదా, నాకే తోచింది.

ఆ పద్నాలుగే ఆ తొమ్మిదంతస్తుల్లోనూ తిరిగే ప్రతి జాంబీకీ గొంతయ్యాయి. చివరిదొక్కటీ వేరుగా ఉండేది. వణుకుతూ, తెగి తెగి, లోపల ఏదో కొట్టుకుంటున్నట్టు వస్తుంది. అన్నిట్లోకీ భయంకరమైనది అదేనని నేనే ఎంచి, మూడో అంతస్తులో లిఫ్ట్ తలుపుకి ఆనుకుని కూర్చునే జాంబీకి విడిగా పెట్టాను. వాడు మనిషి మీద పడి పట్టుకున్నప్పుడే అది వినబడుతుంది.

నాన్న పోయిన ఐదో రోజున నేను ఆఫీసుకి వెళ్ళిపోయాను. ఆ రోజు నా పని తడి నేల మీద అడుగుల చప్పుడు. ఒక పళ్ళెంలో నీళ్ళు పోసి, పాత బూట్లు చేతులకి తొడుక్కుని, సాయంత్రం దాకా టపటపలాడించాను. ఏడుపు రాలేదు. చెయ్యి తిమ్మిరెక్కినప్పుడు గిల్లి చూసుకుంటాం చూడండి, అలా అప్పుడప్పుడు 'నాన్న లేడు' అని లోపల గిల్లి చూసుకునేదాన్ని. ఏమీ తెలిసేది కాదు. మళ్ళీ బూట్లు టపటపలాడించేదాన్ని.

అమ్మ కర్టెన్లు కుడుతుంది. ఆమె నన్నడిగింది ఒక్కటే.

"ఆయన గొంతు ఎక్కడైనా ఉందేమో చూడవే. నువ్వు అందరి చప్పుళ్ళూ పట్టుకుంటావు కదా."

నాన్నకి ఫోనంటే పడదు. 'వస్తున్నా' అని పెట్టేసేవాడు. వాయిస్ మెసేజ్ పెట్టడం చేతకాదు. పెళ్ళిళ్ళ వీడియోల్లో ఉన్నాడు గానీ వాటిలో పాటల హోరు తప్ప మనుషుల గొంతులుండవు. అన్నీ వెతికాను. ఏమీ లేదని చెప్పాను. నెల తర్వాత మళ్ళీ అడిగింది. "చూస్తానమ్మా" అన్నాను. మూలుగులున్నాయని ఏ నోటితో చెప్పను? నలభై ఏళ్ళు కాపురం చేసిన మనిషి దగ్గరికి జాంబీ చప్పుళ్ళు పట్టుకెళ్ళి, ఇదిగో నీ మొగుడు, మాటలన్నీ నేనే చెరిపేశాను అని చెప్పనా?

సరిగ్గా అప్పుడే కంపెనీ వాళ్ళకి ఆ పాత మ్యాప్ గుర్తొచ్చింది.

మా మేనేజర్‌ని మేము గడియారం అంటాం. ఏ వాక్యం మొదలెట్టినా టైముతోనే మొదలెడతాడు. "టైము దగ్గరపడింది. తొమ్మిదంతస్తులు మ్యాప్‌ని కొత్త అప్‌డేట్‌లో మళ్ళీ తెస్తున్నాం" అన్నాడు మీటింగులో. "అదే ఇల్లు, అవే మెట్లు. కానీ ప్రతి గోడా కొత్తగా ఉండాలి. పాత సౌండ్ ఒక్కటి కూడా వద్దు. ఫ్యాన్ రొద వస్తోంది వాటిలో, ఎవరు రికార్డు చేశారో ఏమో."

"నేనే" అన్నాను.

"ఓహో" అని గడియారం కాయితాల్లోకి చూసుకున్నాడు.

కొత్తొక వింత, పాతొక రోత. శుక్రవారం పొద్దున పదింటికి కొత్త మ్యాప్ వస్తుంది, పాతది అందరి మెషీన్లలోంచీ పోతుంది. నాన్న మూలుగులున్న నా పాత డిస్కు ఆఫీసు మారినప్పుడే పోయింది. ఇక మిగిలినవి ఆ మ్యాప్ లోపలున్న పద్నాలుగే. ఒక కాపీ తీసి దాచుకోవచ్చు. పది నిమిషాల పని. మూడు వారాల పాటు రోజూ అనుకున్నాను, తీసుకోలేదు. ఇష్టం లేక కాదు, అయిష్టమూ కాదు. ఏదీ లేదు, అంతే.

కొత్త గొంతుకి ఒక కళాకారుణ్ణి పిలిపించారు. ఆయన తేనె సీసాతో వచ్చాడు. అరగంట గొంతు సవరించుకుని, ఒక్కొక్క మూలుగూ మూలుగుతుంటే నా చేతి మీద వెంట్రుకలు లేచాయి. నిజంగా గొప్పవాడు, మధ్యలో ఒక్క మాట కూడా మాట్లాడలేదు. కత్తిరించడానికేమీ లేక నాకు ఆ రోజు పని తొందరగా అయిపోయింది. కొత్త మ్యాప్‌లోంచి నాన్నవి పద్నాలుగూ తీసేసి, ఆయనవి పెట్టాను. తీసేసేటప్పుడు మెషీన్ 'నిజంగానే తీసెయ్యమంటారా' అని అడుగుతుంది. పద్నాలుగుసార్లు అవునన్నాను.

పాత ఆటగాళ్ళు కొందరికి కొత్త మ్యాప్ ముందే ఇచ్చి ఆడించారు. సోమవారం వాళ్ళ ఉత్తరాలు వచ్చాయి. వెలుతురు బాగుంది, మెట్లు బాగున్నాయి, నెత్తురు బాగుంది. కానీ దాదాపు అందరూ చివర్లో ఒకటే అడిగారు: మూడో అంతస్తు తాత ఏడీ?

"ఎవరీ తాత?" అన్నాడు గడియారం.

నాకూ తెలీదు. చెప్పింది మేస్త్రి. ఆ అమ్మాయి మ్యాప్‌లో గోడలు కడుతుంది కాబట్టి ఆ పేరు. నోట్లో నువ్వుగింజ నానదు. "మూడో అంతస్తులో లిఫ్ట్ దగ్గర కూర్చుని ఉంటాడు కదండీ, ఆయన. పాతవాళ్ళెవరూ ఆయన్ని చంపరు. రెండుసార్లు వంగి లేచి దణ్ణం పెట్టి, పక్కనుంచి దాటుకుని పోతారు, మీద పడి పట్టుకున్నా విదిలించుకుని పారిపోతారే గానీ చెయ్యి చేసుకోరు. కొత్తవాడెవడైనా కాలిస్తే ఆటలోంచి గెంటేస్తారు. అదొక మర్యాద."

"ఇప్పుడూ ఉన్నాడుగా అక్కడ?"

"ఉన్నాడండీ. గొంతు ఆయనది కాదంటున్నారు."

కళాకారుణ్ణి మళ్ళీ పిలిపించారు. పాత మ్యాప్‌లో ఆ పద్నాలుగో మూలుగు వినిపించి, ఇలాగే చెయ్యమన్నారు. పాపం రెండు రోజులు చేశాడు. వణికించాడు, తెంపాడు, పొట్ట పట్టుకుని వంగాడు. ప్రతిసారీ గడియారం నా వైపు చూసేవాడు, నేను కాదని తల ఊపేదాన్ని.

"తేడా ఏంటో చెబితే ఆయన సరిచేసుకుంటారు కదా?"

"నాకు తెలీదండీ. కాదని మాత్రం తెలుసు."

"టైము లేదండీ" అన్నాడు గడియారం. బుధవారం సాయంత్రానికి, ఉన్నదే ఖాయం చేసేశాడు.

గురువారం మధ్యాహ్నం అమ్మ మా ఆఫీసుకి వచ్చింది, నా కోసం కాదు. మా రికార్డింగ్ గదికి మందపాటి తెరలు కుట్టింది ఆమే. రెండిటికి అంచులు ఊడిపోతే కొలిచి తీసుకెళ్దామని వచ్చింది. మెడలో టేపు, మణికట్టుకి సూదుల దిండు, నోట్లో నాలుగు గుండుసూదులు. తెరలు తీసేస్తే గది ఎంత మోగుతుందో చూద్దామని నేను లోపలి మైక్ ఆన్ చేసి వదిలేశాను. అవతలి గదిలో మేస్త్రి పాత మ్యాప్ పెట్టుకుని కూర్చుంది. రేపటితో పోతుంది కదా, ఒక మెట్టు ఎత్తు సరిచూసుకోవాలట. మధ్య తలుపు తెరిచే ఉంది, అవతల స్పీకర్ కూడా పెద్దగానే ఉంది.

అమ్మ అటు తిరిగి తెర అంచు కొలుస్తోంది. అవతల ఏదో జాంబీ మెట్ల మీద లేచి మూలిగింది.

"మెల్లిగా లేవండి, కంగారేం లేదు" అంది అమ్మ.

సూదుల మధ్యనుంచే, వెనక్కి తిరగకుండానే అంది. ఇంకో జానెడు కొలిచింది. అప్పుడు చెయ్యి ఆగిపోయింది.

నేను స్టూలు మీద కూర్చున్నదాన్ని కూర్చున్నట్టే ఉన్నాను. అవతల మేస్త్రి ఆట ఆపేసింది. అమ్మ నోట్లోంచి సూదులు ఒక్కొక్కటే తీసి దిండుకి గుచ్చింది. నాలుగూ అయ్యాకే నా వైపు తిరిగింది.

"ఆయనేనా?"

"ఆయనే అమ్మా."

మొత్తం చెప్పాను. బట్టల గది, దుప్పట్లు, పద్నాలుగు మూలుగులు, చెరిపేసిన మాటలు. చెరిపిన సంగతి దగ్గరికొచ్చేసరికి నా గొంతు వార్తలు చదువుతున్నట్టు ఉంది. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండుననీ అనుకున్నాను. అమ్మ తిట్టలేదు. అవతలి గదిలోకి వెళ్ళి మేస్త్రి పక్కన కుర్చీ లాక్కుని కూర్చుంది.

"పెట్టమ్మా" అంది.

మేస్త్రి నా వైపు చూసింది. ఒక్కొక్క మూలుగే తెరిచి వినిపించింది.

"ఇది పొద్దున మంచం మీంచి లేచేటప్పటిది. కుడికాలు ముందు పెడతారు, అందుకే మొదట్లో బరువుగా ఉంది" అంది అమ్మ. "ఊఁ, తర్వాతది."

పెట్టింది.

"ఇది నొప్పి కాదు. అన్నం ఎక్కువైంది."

నేను దాన్ని కిటికీలోంచి పాక్కుంటూ వచ్చే ఆడ జాంబీకి వాడాను. ఆ మాట అమ్మకి చెప్పలేదు.

"ఇది నేను పిలిస్తే వినబడనట్టు నటించడం. ఇది మాత్రం దొంగమూలుగు, ఊరికే నీ కోసం చేశారు. ఇది... మళ్ళీ పెట్టు." మళ్ళీ పెట్టింది. "మా అత్తగారు పోయిన రోజు గుమ్మంలో కూర్చుని ఇలాగే. నీకెలా దొరికింది ఇది? గుర్తొచ్చిందేమో అప్పుడు."

ఆమెకి ఒక్కటీ కొత్తది కాదు. ఎదురుగా ఉన్న మనిషి మాట్లాడుతుంటే విన్నట్టు వింటోంది, మధ్యలో తల ఊపుతోంది, ఒకచోట మూతి తిప్పింది. మాటలన్నీ చెరిపేసి నేను మిగిల్చింది చెత్త అనుకున్నాను ఇన్నాళ్ళూ. ఆమెకి అది మొత్తం మాటలే.

"ఇంకోటుందాంటీ" అంది మేస్త్రి. "అది ఇలా విడిగా రాదు. ఆటలో ఆయన దగ్గరికి వెళ్ళాలి."

"ఎక్కడున్నారు?"

"మూడో అంతస్తులో."

మేస్త్రి, అమ్మ వేళ్ళు పట్టుకుని కీబోర్డు మీటల మీద పెట్టింది. అమ్మ మెట్లెక్కింది. నాలుగుసార్లు గోడకి గుద్దుకుంది, ఒకసారి కిందకి పోయింది. చివరికి మూడో అంతస్తు. లిఫ్ట్ తలుపుకి ఆనుకుని, కాళ్ళు చాపుకుని, తల వాల్చుకుని తాత కూర్చుని ఉన్నాడు.

"ఇదేంటి, ఇంత చిక్కిపోయారు?" అంది అమ్మ. మేస్త్రి నవ్వాలో వద్దో తెలియక పెదవి కొరుక్కుంది.

అమ్మ ఇంకో అడుగు వేసింది. తాత తలెత్తాడు. గోడ పట్టుకుని లేచాడు.

"అమ్మా, పారిపోవాలి. వెనక్కి, వెనక్కి" అన్నాను.

"ఎందుకూ?"

కదలకుండా నిలబడింది. తాత చేతులు చాచుకుంటూ వచ్చి ఆమె మీద పడ్డాడు. తెరంతా ఎర్రబడింది. పద్నాలుగో మూలుగు వచ్చింది, వణుకుతూ, తెగి తెగి, లోపల ఏదో కొట్టుకుంటున్నట్టు.

అమ్మ ఫక్కున నవ్వింది.

"నవ్వాపుకుంటున్నారే! పొట్ట పట్టుకుని. అప్పుడు నువ్వేమైనా కసిరావా?"

నోరు మూసుకుని మూలుగు. ఆయన తల వంచుకున్నాడు. బుద్ధిగా వంచుకున్నాడని పదేళ్ళు అనుకున్నాను. లక్షలమంది ఆ చప్పుడుకి భయపడి పారిపోయారు, రెండు రోజులు ఒక కళాకారుడు గొంతు చించుకున్నాడు, దాన్ని అన్నిట్లోకీ భయంకరమైనదని ఎంచినదాన్ని నేనే. ఆయన ఆ స్టూలు మీద కూర్చుని నవ్వాపుకుంటున్నాడు.

"మళ్ళీ పెట్టు" అంది అమ్మ. ఆ మధ్యాహ్నం ఆమె నాన్న చేతిలో పదకొండుసార్లు చచ్చిపోయింది.

నేను గడియారం గదిలోకి వెళ్ళి, ఆ తాత మా నాన్న అని చెప్పాను. మూడో అంతస్తులో పాత మూలుగే ఉంచాలని, అది బాధ కాదు నవ్వు అని, అందుకే ఎవరికీ రాలేదని చెప్పాను. ఆయన చేతిలో కాయితాలు పక్కన పెట్టాడు.

"ఫ్యాన్ రొద?"

"పోదండీ."

"ఉండనివ్వండి" అన్నాడు. టైము మాట ఎత్తలేదు.

అమ్మ తెరలు మడిచి సంచిలో పెట్టుకుని నాలుగింటికి వెళ్ళిపోయింది. పద్నాలుగు మూలుగులూ ఒక పెన్‌డ్రైవ్‌లో వేసి ఇచ్చాను. దాన్ని కూడా సూదుల దిండుకి పిన్నీసుతో తగిలించుకుంది. గదిలోకి వచ్చి చూస్తే మధ్యాహ్నం వదిలేసిన మైక్ ఇంకా ఆన్‌లోనే ఉంది. రెండు గంటల రికార్డింగ్ ఒక పొడుగాటి గీతలా కంప్యూటర్ తెర మీద పాకుతోంది. అలవాటు కదా, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వెనక్కి జరిపాను.

టేపు బరబర. అవతలినుంచి మూలుగు. మెల్లిగా లేవండి, కంగారేం లేదు.

చెయ్యి దానంతట అదే మాట మొదట్లో కత్తిరింపు గీత పెట్టింది. గీత సరిగ్గా పడలేదు, దగ్గరగా చూశాను. రెంటికీ మధ్య చోటు లేదు. నాన్న మూలుగు అయిపోకముందే అమ్మ మాట మొదలైంది. ఎక్కడ కత్తిరించినా ఇద్దరిలో ఒకళ్ళు తెగుతారు. ఇంట్లో వాళ్ళ గది గోడ అవతలినుంచి చిన్నప్పటినుంచీ నేను విన్నది ఇదే. ఇద్దరూ ఇలాగే మాట్లాడుకునేవాళ్ళు. ఆ గీత తీసేశాను.

అప్పుడు ఏడుపొచ్చింది. ఐదు నెలల ఏడుపు, ముక్కు కారుతూ, చప్పుడు చేసుకుంటూ, మధ్యలో "నాన్నా" అంటూ. ఎదురుగా తెర మీద గీత పైకీ కిందకీ ఎగురుతోంది. మైక్ ఇంకా నడుస్తూనే ఉంది, నేను ఆపలేదు.